టెంటు చాటు పాకం

ఆదివారం పొద్దున్నే రాఘవేందర్ వేసుకున్న పథకం చాలా చిన్నది. కారు వేసుకుని శామీర్‌పేట పోవాలి, అక్కడి షాపులో పంది సీనా బొక్కలు, అంటే పక్కటెముకలు, కొనాలి, రావల్కోల్ శివారులో ఉన్న తన ఖాళీ జాగాలో మూడు రాళ్ళు పేర్చి వాటిని చైనా పద్ధతిలో వండాలి, డబ్బాలో పెట్టి భోజనాల వేళకు కోడలికి అందించాలి. ఊళ్ళో ఎవరికీ తెలియకూడదు. ఇంట్లో తల్లికి అసలే తెలియకూడదు. ఇంత సులువైన పనికి తన భార్య సుశీల నిన్నటి నుంచి అన్ని నిట్టూర్పులు ఎందుకు విడుస్తోందో అతనికి అర్థం కాలేదు.

కోడలు నయనకు మూడో నెల. వేవిళ్ళు మామూలుగా లేవు, మంచినీళ్ళు తాగినా కడుపులో నిలవడం లేదు. కొడుకు అన్వేష్ కంపెనీ పని మీద పుణెలో ఉండి, ఫోన్లో పూటకోసారి తిన్నావా అని అడగడం తప్ప చేయగలిగింది లేదు. సుశీల పచ్చిపులుసు చేసింది, సర్వపిండి చేసింది, మక్క గట్క చేసింది. అత్త మనసు నొప్పించలేక నయన ప్రతిదీ ఒక ముద్ద నోట్లో పెట్టుకోవడం, ఆ వెంటనే నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని పరుగెత్తడం. చివరికి ఒకరోజు సుశీల గడ్డం పట్టుకుని, "నీకేం తినబుద్ధయితాందో సిగ్గుపడకుంట చెప్పు బిడ్డా," అని అడిగితే, ఆ పిల్ల కళ్ళనీళ్ళు పెట్టుకుని చెప్పింది. బెంగుళూరులో ఉద్యోగం చేసినప్పుడు తనతో గదిలో ఉన్న షిల్లాంగ్ అమ్మాయి వండిపెట్టేదట. నల్లగా నిగనిగలాడుతూ, తియ్యగా, కారంగా, వేళ్ళకు అంటుకుపోయే పంది పక్కటెముకలు. చెప్పిన మరుక్షణమే నాలుక కరుచుకుని, ఊరికే అన్నానంది.

పేపరు చాటున కూర్చున్న రాఘవేందర్ మొత్తం విన్నాడు. అతనికి ఆడపిల్లలు లేరు. ఈ పిల్ల ఇంటికి వచ్చిన రోజు నుంచీ బీపీ మాత్ర వేసుకున్నావా మామయ్యా అని రోజూ వెంటపడి అడిగేది. అంతకుముందు ఆ మాట అడిగినవాళ్ళు ఎవరూ లేరు. ఆ బుగ్గలు లోపలికి పోవడం చూస్తుంటే అతనికి కంచం ముందు కూర్చోవాలంటేనే తప్పు చేసినట్టుగా ఉంటోంది. ఆ పిల్ల కడుపు నిండా తింటే చాలు, ఇంకేమీ అక్కర్లేదనుకున్నాడు.

అయితే ఆ ఇంట్లో నియమాలు ఉన్నాయి. పంది మాంసం ఇంటి గడప దాటి లోపలికి రాకూడదనేది రాఘవేందర్ తల్లి రుక్కమ్మకు ఆమె అత్తగారు అప్పగించిపోయిన నియమం. కడుపు సంగతి ఐదో నెల దాకా బయటివాళ్ళకు పొక్కకూడదు, దిష్టి తగులుతుందనేది రుక్కమ్మ సొంత నియమం. మూడోది సుశీలది. రాఘవేందర్ ఒకప్పుడు సర్పంచిగా నిలబడి, పరమేశ్ చేతిలో ఓడి, ఆ ముచ్చట కోసం రోడ్డు పక్క పొలం అమ్ముకున్నాడు. అది ఇప్పుడు ప్లాట్ల వెంచరై, రోజూ వచ్చేటప్పుడూ పోయేటప్పుడూ కళ్ళలో పడుతుంటుంది. అందుకని ఇక రాజకీయం జోలికి పోనని సుశీల అతని చేత తన నెత్తి మీద చెయ్యి పెట్టించుకుంది. రెండో నియమానికీ మూడో నియమానికీ రాఘవేందర్ కట్టుబడే ఉన్నాడు. మొదటిదానికి మాత్రం ఒక సందు కనిపెట్టాడు. నయన ఉండే మేడ మీదికి బయటి నుంచి పోయే ఇనుప మెట్లకు గడప లేదు.

వండటానికి గిన్నె కావాలి. ఇంటి గిన్నెల్లో ఒక్కటి కూడా ముట్టవద్దని సుశీల గట్టిగా చెప్పింది. అందుకని అతను మేడ్చల్‌లో టెంట్ హౌస్ నడిపే లింగస్వామికి ఫోన్ చేసి, ఒక డేగిసా పంపమన్నాడు. ప్రోగ్రాం ఏమిటని లింగస్వామి అడిగాడు. ఏమీ లేదన్నాడు రాఘవేందర్. ఎంతమందికని అడిగాడు. ఇంటివాళ్ళమేనన్నాడు. రోడ్డు మీద పోయేవాళ్ళకు పొయ్యి కనబడకుండా అడ్డం కట్టడానికి పరదా గుడ్డ కూడా ఒకటి పంపమన్నాడు. లింగస్వామి ఆ వృత్తిలో తల నెరిసినవాడు. ఇంటివాళ్ళమే అన్న పెద్దమనుషుల ఇళ్ళలో భోజనాల బంతులకు బంతులు లేవడం చూసినవాడు. ఏమీ లేదని చెప్పే ప్రోగ్రాం ఎంత పెద్దదో అతనికి తెలుసు. సరే అన్నా, నేను చూసుకుంటాను కదా అని ఫోన్ పెట్టేశాడు.

రాఘవేందర్ శామీర్‌పేట నుంచి తిరిగి వచ్చేసరికి అతని ఖాళీ జాగాలో ఎర్రటి, పచ్చటి షామియానా లేచి ఉంది. దాని కింద వరుసలుగా కుర్చీలు వేసి ఉన్నాయి. ఒక మూల పరదాల మధ్య పొయ్యి కోసం చోటు, అందులో ఒక మేకపోతు నిలువునా పట్టేంత డేగిసా, దానికి తోడు ఒక చిన్న గిన్నె, గరిటెలు. పరదాకు ఆనించి మైకు. షామియానా గుంజకు కట్టిన రెండు హారన్లు ఊరి వైపు తిరిగి ఉన్నాయి. అతను లింగస్వామికి ఫోన్ చేసి ఇదంతా ఏమిటని మొత్తుకున్నాడు.

"నీకు ఒట్టి గుడ్డ పంపిస్తే నా ఇజ్జత్ ఏం గావాలె అన్నా? మైకు కిరాయి నాకొద్దు. అది నా దిక్కెల్లి," అన్నాడు లింగస్వామి. తన మనుషులు ఇంకో పెళ్ళికి వెళ్ళిపోయారని, సాయంత్రం దాకా విప్పడం కుదరదని కూడా చెప్పాడు.

కారు డిక్కీలో ఐసు కరిగిపోతోంది. టెంటు ఉంటే ఉండనీ, చాటు మరింత మంచిదే కదా అనుకుని రాఘవేందర్ చొక్కా చేతులు పైకి మడిచాడు.

అతను జన్మలో వంట చేసినవాడు కాదు. ఆ ఇళ్ళ మగవాళ్ళు వంట దగ్గరికి పోయేది దావత్ జరిగినప్పుడే, అదీ కట్టెల పొయ్యి పక్కన నిలబడి ఉప్పు సరిపోయిందా అని అడగడానికి. అయినా షిల్లాంగ్ అమ్మాయి చెప్పిన విధానాన్ని నయన వాట్సాప్‌లో తెలుగు చేసి పంపింది. బొక్కల్ని అల్లం, అనాస పువ్వు, ఉల్లికాడలు వేసి మెత్తబడేదాకా ఉడికించాలి. సోయా సాసు, వెల్లుల్లి, ఎండు మిరప, వెనిగర్, తేనె వేరే గిన్నెలో కాచి చిక్కబరచాలి. ఉడికిన బొక్కల్ని అందులో వేసి, ఆ నలుపు వాటికి పట్టేదాకా పొర్లించాలి. తేనె తేవడం మరిచిపోయి రాఘవేందర్ బెల్లం వేశాడు. డేగిసా అడుగున బొక్కలు ఉడుకుతుంటే, పక్క పొయ్యి మీద చిన్న గిన్నెలో పాకం బుడగలు వేయడం మొదలుపెట్టింది. వాసన బాగానే ఉంది. అతనికి కొంచెం గర్వం కూడా కలిగింది.

పాకం ఎంత చిక్కబడాలో మాత్రం తెలియలేదు. ఒక చేత్తో గరిటె తిప్పుతూ, మైకు స్టాండుకు ఆనుకుని, నయనకు ఫోన్ చేశాడు. ఆమె గొంతు నీరసంగా ఉంది. పొద్దున తాగిన మజ్జిగ కూడా కక్కేశానని, మీరు ఎండలో కష్టపడవద్దని, వచ్చెయ్యమని అంది. రాఘవేందర్‌కు పాకం సంగతి అడగడం గుర్తే రాలేదు.

"బిడ్డా, నువ్వు ఉపాసముంటే నాకు ముద్ద దిగుతలేదు. ఇన్నొద్దులు ఎవలేం జేసిన్రో నాకు తెల్వది. ఇగ నేను పట్టుకున్న. నీ ఆకలి తీర్చినంకనే ఇంటికొస్త. జర ఓపిక పట్టు తల్లీ."

తన మాటలు తనకే రెండేసి సార్లు వినిపిస్తుంటే, ఈ ఫోన్ సిగ్నల్ ఎప్పుడూ ఇంతే అని విసుక్కున్నాడు. మైకు పొద్దుటి నుంచీ ఆన్‌లోనే ఉందన్న సంగతి అతనికి తట్టలేదు.

రావల్కోల్‌లో కార్డు పంచకుండా టెంటు వేస్తే దానికి ఒక్కటే అర్థం. పంచాయతీ మున్సిపాలిటీలో కలిసింది, త్వరలో మున్సిపల్ ఎన్నికలని పుకారు. అటువంటప్పుడు ఓడిపోయిన మనిషి జాగాలో టెంటు లేచి, కుర్చీలు పడి, డేగిసా దిగి, హారన్లలోంచి ఆకలి తీర్చాకే ఇంటికి పోతానని గద్గద స్వరం వినిపిస్తే ఇక చెప్పేదేముంది. రాఘవేందర్ ఫోన్ పెట్టేసి పరదా తొలగించి చూసేసరికి ముందు వరుసలో మనుషులు కూర్చుని ఉన్నారు. వెనక వరుసలు నిండుతున్నాయి. కుర్చీలు వేసి ఉన్నాయి కాబట్టి కూర్చున్నామన్నట్టు ఎవరి మొహంలోనూ ఏ అనుమానమూ లేదు.

అందరికంటే ముందు లేచి లోపలికి వచ్చినవాడు కుర్మయ్య. ఊళ్ళో గొర్లు కాసి ముసలివాడైనవాడు, మోకాళ్ళ నొప్పులతో కర్ర లేకుండా నడవలేడు. నల్లగా ఉడుకుతున్న చిన్న గిన్నెలోకి తొంగి చూసి, బెల్లం, అనాస పువ్వు కలిసిన వాసన పీల్చి, ఇది ఏమిటని అడిగాడు. రాఘవేందర్ నోటికి ఏదీ తోచక లేహ్యం అన్నాడు.

"మోకాళ్ళకు పనిజేస్తదా పటేలా?" అంటూ కుర్మయ్య అరచెయ్యి చాపాడు.

ఆ గిన్నెలో అప్పటికి బొక్కలు పడలేదు కాబట్టి, అది ఒట్టి పాకమే కాబట్టి, రాఘవేందర్ దేవుడి మీద భారం వేసి గరిటె చివరతో ఒక చుక్క పెట్టాడు. కుర్మయ్య నాకి, కళ్ళు మూసుకుని, కాసేపు ఆగి, ఎడమ కాలు ఎత్తి దించాడు. నరాల్లో వేడి పుట్టిందని చెప్పుకుంటూ బయటికి పోయాడు. ఆ తరువాత పరదా దగ్గర అరచేతులు చాపినవాళ్ళను వెనక్కి పంపడానికి రాఘవేందర్ తల ప్రాణం తోకకు వచ్చింది.

ఇంటి దగ్గర నుంచి సుశీల ఫోన్ చేసింది. హారన్ల మోత ఆమె వంటింటి దాకా వచ్చింది. ఎవరి నెత్తి మీద చెయ్యి పెట్టావో గుర్తుందా అని ఆమె నెమ్మదిగా అడిగింది. ఆమె అరిచినప్పుడు భయం లేదు, నెమ్మదిగా మాట్లాడినప్పుడే భయం. జనానికి వినబడకుండా అతను వెనక పరదా దాటి దూరంగా పోయి, జరిగినదంతా గుసగుసగా చెప్పాడు. ఆమె వచ్చినవాళ్ళు ఎంతమందో అడిగింది. తరువాత, టెంటు కిందికి పిలవకుండానే వచ్చినా సరే, మధ్యాహ్నం పూట వచ్చినవాళ్ళను ఆకలితో పంపిస్తే తలెత్తుకోలేమని, మేడ్చల్ హోటల్లో బిర్యానీ చెప్పి తానే తీసుకొస్తానని అంది. ఆ రెండు కిలోల బొక్కల జోలికి మాత్రం ఎవరినీ రానివ్వవద్దంది.

అతను బొక్కల్ని డేగిసాలోంచి తీసి పాకంలో వేస్తున్న సమయానికి పరమేశ్ వచ్చాడు. ఓడించిన మనిషి, శత్రువు కాదు, పెళ్ళిళ్ళలో పక్కపక్కన కూర్చుని తింటారు. చేతిలో శాలువా ఉంది. అది రాఘవేందర్ భుజాల మీద కప్పాడు. అతని వెనకే ఇంకెవరో ఇంకొకటి కప్పారు. ఎండ, పొయ్యి సెగ, రెండు శాలువాలు. గరిటె ఆపితే పాకం అడుగంటుతుంది, ఆపకపోతే మర్యాద పోతుంది. రాఘవేందర్ గరిటె ఆపలేదు. పరమేశ్ అతని చెవి దగ్గర వంగి, తన ఆరోగ్యం బాగా లేదని, ఈసారి తాను పక్కకు తప్పుకుంటానని, వార్డుకు నువ్వే నిలబడమని ఏదో చెబుతున్నాడు. రాఘవేందర్ కళ్ళు గిన్నెలోనే ఉన్నాయి. ఇతను ఎంత త్వరగా వెళ్ళిపోతే అంత మంచిదని ప్రతి మాటకూ తల ఊపాడు. పరమేశ్ సంతోషంగా బయటికి పోయి ఆ తల ఊపుడు సంగతి అందరికీ చెప్పాడు. చప్పట్లు మోగాయి.

ఆ చప్పట్ల మధ్యలో బయట ఆటో ఆగింది. జనమంతా ఒక్కసారిగా లేచి నిలబడ్డారు. రుక్కమ్మ కర్ర పొడుచుకుంటూ, ఎవరి మొహమూ చూడకుండా, కుర్చీల మధ్యలోంచి నేరుగా పరదా దగ్గరికి వచ్చి లోపలికి జొరబడింది. ఆటో షామియానా వెనక వైపుకు పోయింది.

రుక్కమ్మ పొయ్యి చూసింది. గిన్నె చూసింది. శాలువాలు కప్పుకుని గరిటె పట్టుకున్న కొడుకును చూసింది. రాఘవేందర్‌కు చిన్నప్పుడు చెరుకు తోటలో దొరికిపోయినప్పటి వణుకు మళ్ళీ వచ్చింది.

"అమ్మా, అది..." అన్నాడు.

"ముందుగాల ఆ మైకు బందు జెయ్యి," అంది రుక్కమ్మ.

అతను మైకు వైపు చూశాడు, దాని మీద వెలుగుతున్న ఎర్ర దీపం చూశాడు, తన గొంతు రెండుసార్లు వినిపించడం గుర్తు చేసుకున్నాడు. మీట నొక్కాడు.

"ఊరోళ్ళు గది ఓట్ల ముచ్చట అనుకున్నరు. నువ్వు ఓట్లకు నిలబడ్డనాడు గూడ గంత మెత్తగ మాట్లాడలె. గా పిల్లతోని మాట్లాడుతున్నవని నాకప్పుడే సమజైంది. అడిగితే పిల్ల అంత జెప్పింది," అంది రుక్కమ్మ. ఆపైన గిన్నెలోకి వంగి చూసి మొహం చిట్లించింది. "తీగ పాకం దాటి ఉండ పాకానికొచ్చింది. ఇంకింతసేపైతే బొక్కలు గిన్నెకే అంటుకపోతయి. నేనైతే ముట్ట. సల్లటి నీళ్ళు జర సల్లు, మంట తగ్గియ్యి, అడుగు కెల్లి కలుపు."

ఏడాదికోసారి అరిసెల పాకం పట్టి, చేతులు కాల్చుకుని, పాకమంటే ఏమిటో తెలిసినామె. ఆమె చెబుతూ పోయింది, రాఘవేందర్ చేస్తూ పోయాడు. నల్లటి గడ్డలా బిగుస్తున్న పాకం నెమ్మదిగా లొంగి, మెరుస్తూ, బొక్కల చుట్టూ పట్టుకుంది. నయన వర్ణించిన నిగనిగ అదే. రాఘవేందర్ డబ్బా తీసి మూత తెరుస్తూ, ఇంటికి తీసుకుపోవాలంటే ఇనుప మెట్లు ఉన్నాయి కదా, వాటికి గడప లేదు కదా అని గొణిగాడు.

"డబ్బా ఎందుకు? గది ఇంట్లకు రావద్దన్నది మా అత్త. పిల్ల బయటికి పోవద్దని ఎవలన్నరు?" అని రుక్కమ్మ వెనక పరదా ఎత్తింది. ఆటో అక్కడే ఉంది. అందులో తల చుట్టూ చున్నీ కప్పుకుని, బిత్తరచూపులు చూస్తూ నయన కూర్చుని ఉంది.

టెంట్ హౌస్ కుర్చీ మీద ఆమెను కూర్చోబెట్టారు. విస్తరాకులో రాఘవేందర్ తానే వడ్డించాడు. నయన ఒక బొక్కను రెండు చేతులతో పట్టుకుని, భయం భయంగా కొరికింది. నమిలింది. మింగింది. తల్లీ కొడుకులిద్దరూ ఊపిరి బిగబట్టి ఆమె చెయ్యి నోటికి అడ్డం పోతుందేమోనని చూస్తున్నారు. చెయ్యి కదిలింది. ఆకులోంచి రెండో బొక్కను తీసుకుంది. ఆ తరువాత మూడోది. పాకం అంటిన వేళ్ళు ఒక్కొక్కటే చప్పరించి, "మా దోస్తు చేసినదానికన్న మంచిగుంది మామయ్యా, బెల్లం ఏసినరా?" అంది. ఎన్నో రోజుల తరువాత ఆ బుగ్గల్లో రంగు కనిపించింది. రాఘవేందర్ శాలువా కొంగుతో కళ్ళు తుడుచుకుని, పొగ అన్నాడు. అప్పటికి పొయ్యి ఆరిపోయి ఉంది.

ఈ లోపల బయట జనానికి ఓపిక తగ్గింది. లోపల ఏం జరుగుతోందో, ఆటోలో వచ్చింది ఎవరో అని గుసగుసలు మొదలయ్యాయి. కొందరు ఆడవాళ్ళు లేచి పరదా వైపు వస్తున్నారు. ఏ ఆడమనిషైనా ఆ పరదా ఎత్తి, ప్రత్యేకంగా వండించుకుని, చాటుగా కూర్చుని, పెద్దవాళ్ళు పక్కన నిలబడి తినిపిస్తుంటే తింటున్న కొత్త కోడలిని చూసిందంటే, ఇక చెప్పక్కర్లేకుండానే ఊరంతటికీ తెలిసిపోతుంది. ఐదో నెల ఇంకా చాలా దూరం. రుక్కమ్మ ఒక్క క్షణం మనవరాలి వరసైన ఆ పిల్ల మొహం వైపు చూసింది, ఇంకో క్షణం కొడుకు వైపు చూసింది. ఆ చూపులో జాలి ఉంది గానీ, సందేహం లేదు. మైకు తీగ పట్టుకుని లాక్కుంటూ పరదా బయటికి పోయి, మీట నొక్కించుకుంది.

"గింతదూరం వచ్చిన్రు. మా రాఘవేందర్ నిలబడుతుండు. ఇగ ఎవలు లోపలికి రాకున్రి, కూసోని బువ్వ తిని పోన్రి," అంది.

ఈలలు పడ్డాయి. కుర్మయ్య కర్ర పైకెత్తాడు. సరిగ్గా అప్పుడే బిర్యానీ డబ్బాలు నిండిన ట్రాలీ ఆటోతో వచ్చిన సుశీల ఆ మాట విని, ట్రాలీ పక్కనే నిలబడిపోయింది. నోరు తెరిచింది. పరదా సందులోంచి ఆకు ఖాళీ చేసి ఇంకొంచెం పెట్టమని మామకు చేయి చాపుతున్న నయన కనిపించింది. సుశీల నోరు మూసుకుని, బిర్యానీ దించమంది.

ఆ రాత్రి ఆమె మొగుణ్ణి తిట్టలేదు. తన నెత్తి మీద కొబ్బరి నూనె పెట్టుకుంటూ, ఒట్టు వేసినప్పుడు అతను చెయ్యి పెట్టిన చోటునే మళ్ళీ మళ్ళీ రుద్దుకుంది. రాఘవేందర్ ఇది మాటవరసకు జరిగిందని, నాలుగు రోజులు పోతే అందరూ మరిచిపోతారని, అసలు సంగతి చెప్పుకునే రోజు వచ్చాక నిలబడటం లేదని నవ్వుతూ తేల్చేస్తానని ఆమెకు నచ్చజెప్పాడు. నయన మాత్రం ప్రతి ఆదివారం అదే కావాలంది. ఆటో ప్రతి ఆదివారం ఖాళీ జాగాకు పోయింది. దాంతో టెంటు విప్పడం కుదరలేదు, అదే పార్టీ ఆఫీసు అయింది. పరమేశ్ అందులోనే నామినేషన్ కాగితాల మీద రాఘవేందర్ చేత సంతకం పెట్టించుకుపోయాడు. కుర్మయ్య లేహ్యం కోసం రోజూ ముందు వరుసలో కూర్చునేవాడు.

ఐదో నెల రాగానే రుక్కమ్మ ఊరంతా చక్కెర పంచి శుభవార్త చెప్పింది. అప్పటికి నామినేషన్లు వెనక్కి తీసుకునే గడువు దాటిపోయింది.